బాబా పాతకాలం చెక్కిన రెండు బొమ్మలు

ఒయో ఊళ్లో ఒనాయెమి ఇల్లెక్కడ అని అడిగితే పోస్టుమాన్ కూడా కాసేపు తల గోక్కుంటాడు. బాబా పాతకాలం ఇల్లెక్కడ అని అడగండి, మిరపకాయలమ్మే ఆవిడ దగ్గర్నుంచి మోటారుసైకిల్ మీద మనుషుల్ని దించేవాడి దాకా అందరూ వేలెత్తి చూపిస్తారు. ఆ పేరు ఎవరో ఎగతాళికి పెట్టారు. అతను మాత్రం దాన్ని బిరుదుగా పుచ్చుకున్నాడు.

చరిత్ర సినిమాలకు ఊళ్లు కట్టడం అతని పని. నూట యాభై ఏళ్ల కిందట యుద్ధాల్లో మాసిపోయిన పేటలు, రాజుల వాకిళ్లు, సంతలు, కోటగోడలు అన్నీ మట్టితో, వెదురుతో, గడ్డితో మళ్లీ లేపుతాడు. సినిమా అయిపోగానే అవి కూలిపోతాయి, లేకపోతే కూల్చేస్తారు. అరవై రెండేళ్లు వచ్చేసరికి ఎన్ని ఊళ్లు కట్టాడో అతనికే గుర్తు లేదు. సొంత ఇంటి వెనక గోడ మాత్రం మూడేళ్లుగా పడిపోయే ఉంది.

"రాజులకు కోటలు కడతారు. మేకలు నా బెండకాయ మొక్కలు తినకుండా నాలుగు వరుసల ఇటుక పేర్చలేరు" అని భార్య అషాబి అనేది.

"నీ మేకల కోసం కెమెరా రాదు కదే" అనేవాడు అతను. ఇలాంటి జవాబులతోనే ముప్పై ఏళ్లు నెట్టుకొచ్చాడు.

అతనిది చెక్కపని చేసే వంశం. తండ్రి పెద్దింటి వసారాలకు స్తంభాలు చెక్కేవాడు. ఒక్కో స్తంభంలో ఒక గుర్రపు రౌతో, పిల్లను వీపున కట్టుకున్న తల్లో ఉండేది. సిమెంటు ఇళ్లు వచ్చాక ఆ స్తంభాలు అడిగేవాళ్లు లేకుండా పోయారు. పదహారో ఏట ఒనాయెమి ఊరూరా తిరిగే నాటకం బృందం లారీ ఎక్కేశాడు. గుడ్డల మీద రాజమందిరాలు గీసేవాడు, అవసరమైతే భటుడి వేషం కూడా కట్టేవాడు. తర్వాత వీడియో సినిమాలు వచ్చి నాటకాలను మింగేశాయి. ఆ తొలి రోజుల చరిత్ర సినిమాలు చూడాలి! రాజుగారి సింహాసనం ప్లాస్టిక్ కుర్చీ, దాని మీద ఒక దుప్పటి. వెనకాల కిటికీలోంచి కరెంటు స్తంభం. అందరూ నవ్వుకుని వదిలేసేవాళ్లు. ఒనాయెమికి మాత్రం ఒళ్లు మండిపోయేది.

ఒకసారి షూటింగ్ మధ్యలోకి నడిచి వెళ్లి అందరి ముందే అరిచాడు. "రాజుగారి వీపున జిప్పు ఉంది. ఆయన రాజా, సంచీనా?" ఆ రోజే అతన్ని పనిలోంచి తీసేశారు. మర్నాడు మళ్లీ పిలిచారు. జిప్పు తీసి కుట్లు వేసిన అంగీ అతనే తెచ్చాడు.

అలా అలా అతనికొక పేరొచ్చింది. కొత్త వస్తువును పాతది చేయడంలో అతన్ని మించినవాడు ఇబాదాన్ నుంచి ఇసెయిన్ దాకా లేడు. కోలాకాయ రసం, మసి, ఇటుకపొడి, ఇరూ కాయల తొక్కలు నానబెట్టిన నీళ్లు, అంతే అతని సామాను. పెయింటు డబ్బా ముట్టడు. వార్నిష్ అయితే ఛీ అంటాడు, అది కెమెరాకు మెరుస్తుంది. ఒక రోకలి ఇస్తే ముందు కూర్చుని ఆలోచిస్తాడు. దీన్ని పట్టుకున్నది కుడిచేతి మనిషా, ఎడమచేతి మనిషా? పొడుగుదా, పొట్టిదా? కోపంతో దంచేదా, పాట పాడుతూ దంచేదా? మనిషి చెయ్యి ఎక్కడ పడితే అక్కడే అరుగుతుందని అతని లెక్క. తలుపు పైకమ్మీ ఎక్కడ నల్లబడాలో, గడప ఎక్కడ గుంట పడాలో అతను చెప్పినట్టే చేసేవాళ్లు.

ఇంకో అలవాటు కూడా ఉంది. సినిమా అయ్యాక తను కట్టిన ఊరిని తనే తుడిచేసేవాడు. గుంజల గుంతలు పూడ్పించి, బూడిద మట్టిలో కలిపించి, నేల చదును చేయించి, భూమి ఇచ్చిన రైతును పిలిచి చూపించేవాడు. "ఎక్కడ కట్టామో కనుక్కో చూద్దాం" అనేవాడు. రైతు కనుక్కోలేకపోతే పొంగిపోయేవాడు.

ఇదంతా బయటి మనిషి. ఇంట్లో అతన్ని బాబా ఇబేజి అంటుంది అషాబి, ఆమెను అతను ఇయా ఇబేజి అంటాడు. కవలల తండ్రి, కవలల తల్లి. మొదట పుట్టినవాడు తాయివో, వెనకాల వచ్చింది కెహిందే. మావాళ్ల లెక్కలో వెనక వచ్చినవాళ్లే పెద్ద. లోకం ఎలా ఉందో చూసి రమ్మని చిన్నవాణ్ణి ముందు పంపిస్తారు. పదకొండో నెలలో ఇద్దరికీ తట్టు పోసింది. కెహిందే లేచి కూర్చుంది. తాయివో లేవలేదు.

కవలల్లో ఒకరు పోతే కర్రతో బొమ్మ చెక్కించాలి. లేకపోతే పోయినవాడు ఒంటరితనం భరించలేక ఉన్నదాన్ని కూడా పిలుస్తాడని మా పెద్దలు భయపడేవారు. ఒనాయెమి తండ్రి అప్పటికే లేడు. ఇంకొకరి చేత చెక్కించడానికి అతనికి మనసొప్పలేదు. ఇరే చెట్టు దగ్గరికి వెళ్లి, కొమ్మ ఇమ్మని దాన్ని అడిగి, కర్ర తెచ్చి, జానెడు బొమ్మ తనే చెక్కాడు. పసివాడి బొమ్మకు పసివాడి ముఖం పెట్టరు. వాడు పెరిగి ఉంటే ఎలాంటి ముఖం వచ్చేదో అది పెడతారు. కొడుకు పాతికేళ్ల ముఖాన్ని తండ్రి అలా ముందే చెక్కి, అషాబి ఒళ్లో పెట్టి, బయటికి వెళ్లిపోయాడు.

ఆ రోజు నుంచి వాడు అషాబి వాడే. ప్రతి శనివారం నల్ల సబ్బుతో స్నానం, ఓరి గింజల వెన్నతో ఒళ్లు రుద్దడం, ఎర్ర ఒసున్ చెక్క పొడి అద్దడం. కెహిందేకు గౌను కుడితే మిగిలిన గుడ్డతో వాడికో చిన్న అంగీ. కెహిందే బడికి వెళ్లిన రోజు వాడి పక్కన చిన్న పలక పెట్టింది. చర్చి పాస్టరు ఒకసారి ఇంటికొచ్చి, అది విగ్రహం, కాల్చెయ్యి అన్నాడు. అషాబి ఆయనకు టీ ఇచ్చి పంపించి మరుసటి ఆదివారం ఇంకో చర్చికి వెళ్లింది. పాస్టర్లను మూడుసార్లు మార్చింది, కొడుకును మాత్రం మార్చలేదు.

ముప్పై రెండేళ్ల స్నానాలకు ఆ బొమ్మ ముక్కు అరిగిపోయింది. కళ్లు రెండు గీతలుగా మిగిలాయి. ఒనాయెమి ఆ మూలకు వెళ్లేవాడు కాదు. ఎప్పుడైనా కంటపడితే తల తిప్పుకునేవాడు. జనం అతనిది రాతిగుండె అనుకున్నారు. కాదు, భయం. చెక్కేటప్పుడు ఏడవలేకపోయాడు, చూస్తే ఆ ఏడుపు ఎక్కడ మొదలవుతుందోనని భయం. అందుకే ముప్పై రెండేళ్లలో ఒక్కసారి కూడా వాణ్ణి చేతిలోకి తీసుకోలేదు.

తొలానీ అనే అమ్మాయి పెద్ద సినిమా తలపెట్టి అతని దగ్గరికి వచ్చింది. ముప్పై అయిదేళ్లుంటాయి, గట్టి మనిషి. పాత యుద్ధాల కథ. శత్రువులు ఊరి మీద పడుతుంటే ఒక తల్లి బతికున్న బిడ్డను వీపున కట్టుకుని పారిపోతుంది. చచ్చిపోయిన కవల బొమ్మ గూట్లోనే ఉండిపోతుంది, ఇల్లు తగలబడుతుంది. ఆ బొమ్మను కెమెరా బాగా దగ్గర్నుంచి చూస్తుంది, అందుకని నిజమైనదిలా ఉండేదొకటి కావాలి.

ఒనాయెమి మూడు చెక్కాడు. తొలానీ మూడూ తిప్పి తిప్పి చూసింది.

"బాబా, తప్పుగా అనుకోకండి. పాతగానే ఉన్నాయి. కానీ తల్లి చెయ్యి పడ్డట్టు లేవు."

"తల్లి చెయ్యి ఏ కొట్లో అమ్ముతారో చెప్పు తల్లీ, కొనుక్కొస్తాను."

"మీకే తెలియాలి బాబా. ఇంతవరకూ మీకు తెలియనిది నేను చూడలేదు."

పొగిడిందో పొడిచిందో అర్థం కాలేదు. ఇంటికి వెళ్లాడు. తిన్నగా ఆ మూలకు వెళ్లి, ముప్పై రెండేళ్ల తర్వాత, కొడుకును ఎత్తుకున్నాడు. అరుగుదల అతను అనుకున్నచోట లేదు. నుదురు కంటే కుడి చెంప ఎక్కువ అరిగింది. అషాబి వాణ్ణి కడిగాక చెంపకు చెంప ఆనించుకుంటుందని అతనికి అప్పుడు తెలిసింది. సిగ్గేసింది. అయినా పనివాడు కదా, సిగ్గు వెనకాలే ఆశ పుట్టింది.

"ఇయా ఇబేజి, వీణ్ణి నాకు కొన్నాళ్లు ఇవ్వు."

అషాబి అమల ముద్ద ఉడికే గిన్నెలో గరిట తిప్పుతోంది. గరిట ఆగింది.

"ఎవరిని?"

"సినిమాలో చూపించడానికి. దగ్గర్నుంచి తీసే ముక్క ఒక్కటే. కాల్చేది వేరే బొమ్మ, దాన్ని నేను చేస్తాను."

"ఊళ్లో ఇంకెవరి పిల్లలూ చావలేదా? వాళ్లనడగండి."

మూడు రోజులు అషాబి అతని పళ్లెం గడప మీద పెట్టి పోయింది. నాలుగో రోజు ఇబాదాన్ నుంచి కెహిందే ఫోన్ చేసింది. ఆమె అక్కడ టైలరింగ్ షాపు నడుపుతోంది, ఇద్దరు పిల్లలు. "అమ్మా, ఇవ్వండి. నేను ఇబాదాన్ చూశాను, లేగోస్ చూశాను, హజ్‌కు వెళ్లే అత్తగారితో విమానాశ్రయం దాకా వెళ్లాను. వాడు ఆ గది తప్ప ఏం చూశాడు? వాడి ముఖం కూడా నలుగురూ చూడనివ్వండి" అంది.

ఆ మాటకు అషాబి మెత్తబడింది. కొత్త అంగీ కుట్టి, వాణ్ణి తన తలగుడ్డలో చుట్టి భర్త చేతుల్లో పెట్టింది.

"బయట పడుకోబెట్టొద్దు. మీ పక్కనే పెట్టుకోండి. వేరేవాళ్ల చేతికి ఇచ్చి పంపొద్దు, మీరే తేవాలి. మీ చేత్తోనే నా చేతిలో పెట్టాలి."

"నా చేత్తోనే" అన్నాడు ఒనాయెమి.

ఇసెయిన్ దారిలో ఒక రైతు పొలంలో ఊరు కట్టారు. తన గుడిసెలో కొడుకును ముందు పెట్టుకుని అతను రెండో బొమ్మ మొదలుపెట్టాడు. పాత ఇరే కర్రలో అప్పట్లో ఒక ముక్క మిగిలింది. ఎందుకు దాచాడో తెలియకుండా ఇన్నేళ్లూ పనిముట్ల పెట్టె అడుగున ఉంచాడు. ఇప్పుడు దాన్నే తీశాడు. అదే చెట్టు, అదే ఆరుదల, అదే బరువు.

ఆ పది రోజులు ఒనాయెమి జీవితంలో మంచి రోజులు. ఈ మాట ఎవరికీ చెప్పలేదు గానీ నిజం. చెక్కుతూ కొడుకుతో కబుర్లు చెప్పేవాడు. "చూడరా, ఈ చెవి నీకు కాస్త పెద్దగా పెట్టేశాను, నీ తాతది అలాగే ఉండేది" అనేవాడు. "నీ చెల్లి కాదు కాదు, అక్క, పిల్లల తల్లి అయిపోయింది" అనేవాడు. ఒక మధ్యాహ్నం ఉన్నట్టుండి ఏడుపు వచ్చింది. ముప్పై రెండేళ్లు వాయిదా వేసిన ఏడుపు అది. ఏడ్చి, ముఖం కడుక్కుని, మళ్లీ పనిలో కూర్చున్నాడు. కుడి చెంప దగ్గర గోనెగుడ్డతో కాదు, తన సొంత చెంపతోనే రుద్దాడు. పిచ్చివాడు. అంత బాగా చేయకుండా ఉండాల్సింది.

పూర్తయ్యాక సకాను పిలిచాడు. సకా సామాన్లు చూసే మనిషి, నలభై ఏళ్లవాడు, ఇరవై ఏళ్లుగా 'ఓగా', అంటే యజమానీ, అని పిలుస్తూ అతని దగ్గరే ఉన్నాడు. రెండు బొమ్మలూ ముందు పెట్టి, ఏది ఏదో చెప్పమన్నాడు. సకా అటు చూసి ఇటు చూసి ఒకదాన్ని పట్టుకున్నాడు.

"ఇదే మన తమ్ముడు."

"అది నిన్న పుట్టినవాడురా!" ఒనాయెమి తొడ చరిచి నవ్వాడు.

సకా నవ్వలేదు. "ఓగా, అడుగున చిన్న చుక్క పెట్టుకుందాం. గోళ్ల రంగుతో. అన్ని సినిమాల్లోనూ నకలుకి పెడతారు కదా."

"నా సామాన్లకి పెట్టానా ఎప్పుడైనా? తల్లి పాత్ర వేసే అమ్మాయి తలకిందులుగా పట్టుకుంటే కెమెరాకి కనబడదా ఆ చుక్క? అయినా నా కొడుకును నేను గుర్తుపట్టనా?"

సకా గోళ్ల రంగు సీసా జేబులో పెట్టేసుకున్నాడు. ఓగాతో వాదించి గెలిచినవాడు లేడు.

అనుకున్నది ఏమిటంటే, దగ్గర్నుంచి తీసే ముక్క ఒక రోజు, ఇల్లు కాల్చడం మర్నాడు. మొదటి ముక్క పొద్దున్నే అయిపోయింది. తల్లి వేషం కట్టిన అమ్మాయి బొమ్మను ఎలా పట్టుకుందంటే, చుట్టూ ఉన్న పనివాళ్లు సద్దు చేయకుండా నిలబడిపోయారు. తొలానీ వచ్చి ఒనాయెమి ముందు మోకాళ్లు వంచి, "బాబా, ఇదే తల్లి చెయ్యి" అంది. అతను కొడుకును తలగుడ్డలో చుట్టుకుని గుడిసెకు తీసుకుపోయాడు.

మధ్యాహ్నం మూడింటికి తూర్పున మబ్బు పట్టింది. ఆ ఏడాది తొలి వాన. తడిస్తే గడ్డికప్పు అంటుకోదు. మళ్లీ ఆరాలంటే వారం పడుతుంది, గుర్రాలవాళ్లు అంతవరకు ఉండరు. తొలానీ పరుగెత్తుకుంటూ వచ్చింది.

"బాబా, ఇప్పుడే కాల్చేద్దాం. ఇంకొక్క మాట. అమ్మాయి గుమ్మంలోంచి వెనక్కి తిరిగి చూసే ముక్క పొగలో తీస్తాను. అసలు బొమ్మ ఒక్క నిమిషం కావాలి. తీయగానే మార్చేసి నకలు పెట్టండి."

ఒనాయెమి గుడిసెలోంచి అసలు బొమ్మ తెచ్చాడు, సకా బయట సామాన్ల బండి మీంచి నకలు తెచ్చాడు. పొగకుండలు వెలిగించారు. అసలు బొమ్మను గూట్లో పెట్టి ముక్క తీశారు. అమ్మాయి ఏడుస్తూ, ఎవరూ చెప్పకుండానే, లోపలికి పరుగెత్తి బొమ్మను లాక్కుని గుండెకు హత్తుకుంది. తొలానీ అది కూడా తీసింది. తర్వాత అమ్మాయి దాన్ని బల్ల మీద పెట్టి కళ్లు తుడుచుకుంటూ బయటికి వెళ్లింది. అదే బల్ల మీద సకా నకలు పెట్టి ఉంచాడు. ఒనాయెమి పొగలోంచి వచ్చేసరికి బల్ల మీద రెండు బొమ్మలు పక్కపక్కన ఉన్నాయి. పైకప్పు మీద మొదటి చినుకులు పడ్డాయి.

"ఓగా! తొందరగా!" బయట నుంచి సకా కేక.

రెండింటినీ రెండు చేతుల్లోకి తీసుకున్నాడు. కళ్ల నిండా పొగ. బొటనవేళ్లతో కుడి చెంపలు తడిమాడు. రెండూ అరిగే ఉన్నాయి. ఎడమచేతిది కాస్త వెచ్చగా అనిపించింది. అమ్మాయి గుండెకు హత్తుకున్నది ఇదే అనుకున్నాడు. నకలు మధ్యాహ్నమంతా ఎండలో ఉన్న సంగతి ఆ క్షణంలో తోచలేదు. వెచ్చగా ఉన్నదాన్ని చంకలో పెట్టుకుని రెండోదాన్ని గూట్లో పెట్టి బయటికి వచ్చాడు.

ఇల్లు బ్రహ్మాండంగా కాలింది. కెమెరాలో చూస్తే గూట్లో బొమ్మ ముందు నల్లబడి, తర్వాత చీలి, ఆ తర్వాత మంటలో కలిసిపోయింది. అందరూ చప్పట్లు కొట్టారు. ఒనాయెమి కూడా కొట్టాడు.

వాన పెద్దగా పడలేదు. షూటింగ్ అయిపోయింది, అందరూ వెళ్లిపోయారు. ఒనాయెమి మాత్రం అలవాటు ప్రకారం వారం రోజులు ఉండి పొలాన్ని తుడిచాడు. గుంతలు పూడ్పించాడు, బూడిద కలియదున్నించాడు. రైతు వచ్చి చూసి, "ఇక్కడో ఊరు ఉండేదంటే మా ఆవిడ నమ్మదు" అన్నాడు. ఆ వారమూ పక్కన తలగుడ్డలో చుట్టిన బొమ్మ ఉంది. రాత్రి దాని మీద చెయ్యి వేసి పడుకునేవాడు. కబుర్లు కూడా చెప్పాడు.

శనివారం పొద్దున ఇల్లు చేరాడు. అషాబి నీళ్లు కాచి, పెరట్లో పీట వేసి, అప్పటికే ఎదురుచూస్తోంది. అతను తన చేత్తోనే ఆమె చేతిలో పెట్టాడు.

"నీ కొడుకు వచ్చాడు. అందర్నీ ఏడిపించి మరీ వచ్చాడు."

ఆమె నవ్వింది. గుడ్డ విప్పింది. ఒళ్లో పడుకోబెట్టుకుంది. చెయ్యి ఒక్క క్షణం ఆగింది. "దుమ్ము కొట్టుకుపోయాడు" అని సబ్బు అందుకుంది.

మొదటి నీళ్లు ఎర్రగా రావాలి, ఒసున్ పొడి రంగు. గోధుమరంగులో వచ్చాయి. ఒనాయెమి గోడకు ఆనుకుని చూస్తున్నాడు. ఆ రంగు అతనికి తెలుసు. కోలాకాయ రసం.

అషాబి తలెత్తలేదు. రెండో చెంబు పోసింది. మసి నల్లగా దిగింది. మూడో చెంబు. ఇటుకపొడి. ఆమె రుద్దుతూనే ఉంది, బలంగా కాదు, ఎప్పుడూ రుద్దేంత మెల్లగానే. అతని పది రోజుల పనితనం అంతా పీట చుట్టూ మడుగు కట్టింది. ఆమె ఒళ్లో లేత పసుపురంగు కొత్త కర్ర మిగిలింది. కుడి చెంప ఎంత నున్నగా ఉందంటే ఆమె దాన్ని ఒకసారి వేలితో తాకి చెయ్యి తీసేసింది.

"ఇది ఎవరు?"

"ఇయా ఇబేజి..."

"మా వాడెక్కడ?"

ముప్పై అయిదేళ్ల కాపురంలో ఆమె అతన్ని మీరు అనే అంది. కోపంలోనూ అంది, పురిటినొప్పుల్లోనూ అంది. ఇప్పుడు తలెత్తి అతని కళ్లలోకి చూసింది.

"కాల్చేశావా?"

అతను నేల మీద కూలబడ్డాడు. మా ఊళ్లో పెద్దలకు సాష్టాంగపడేలా బోర్లా పడి, ముఖం ఆ గోధుమరంగు నీళ్లలో పెట్టి, పొగ అన్నాడు, వాన అన్నాడు, వెచ్చగా ఉందనుకున్నాను అన్నాడు. ఆమె అంతా విన్నది. ఏడవలేదు, తిట్టలేదు. తిడితే బాగుండునని అతను దేవుణ్ణి మొక్కుకున్నాడు. ఆ కొత్త బొమ్మను పొడిగుడ్డతో తుడిచి, పీట మీద నిలబెట్టింది. దాని తప్పేముంది?

"నన్ను అక్కడికి తీసుకెళ్లు" అంది.

మర్నాడు పొద్దున్నే బస్సెక్కారు. పొలం దగ్గర దిగేసరికి మధ్యలో ఇంకో వాన పడి ఉంది. రైతు తొందరపడ్డాడు, నిన్ననే ఊళ్లో కూలీలందర్నీ దింపాడు. పొలమంతా పెండలం నాటడానికి మట్టికుప్పలు పోయించేశాడు. వరుసలు వరుసలుగా, ఒకే ఎత్తు, ఒకే దూరం. ఆ చివర్నుంచి ఈ చివరిదాకా.

రైతు పార కింద పెట్టి నవ్వుతూ ఎదురొచ్చాడు. "రండి బాబా పాతకాలం! అమ్మా, రండి. మీ ఆయన పుణ్యమా అని ఈ ఏడు గడ్డలు తొడంత ఊరతాయి చూడండి. బూడిద బాగా పడింది."

అషాబి పొలం వైపు చూస్తూ ఉంది. "ఆ ఇల్లు ఎక్కడ ఉండేది?"

ఒనాయెమి ముందుకు నడిచాడు. ఆ ఊరిలో ప్రతి గోడా అతని తలలో ఉంది. వాకిలి వెడల్పు, గుంజల ఎత్తు, గూడు ఎటువైపు ఉందో కళ్లు మూసుకుని చెప్పగలడు. రోడ్డు నుంచి డెబ్భై అడుగులు వేసి ఆగాడు. ఇక్కడ కోటద్వారం. అక్కడ్నుంచి ఎడమకు తిరిగి సంత. సంత చివర... అడుగులు వేశాడు. ఒక కుప్ప దగ్గర ఆగాడు. కాదేమో అనిపించింది. మళ్లీ రోడ్డు దగ్గరికి పోయి మొదలుపెట్టాడు. ఈసారి పది కుప్పల అవతల తేలాడు. మూడోసారి ఇంకోచోట. రోడ్డు పక్కన తను పాతిన కొలత కర్రలు తనే పీకించాడు. నేల మీద ఒక గుర్తు కూడా మిగల్చలేదు. తన పని అంత శుభ్రంగా చేసుకున్నాడు.

నాలుగోసారి పరుగులాంటి నడకతో వెళ్తుంటే అషాబి పిలిచింది.

"చాలు. రా."

ఆయాసపడుతూ వచ్చి ఆమె ముందు నిలబడ్డాడు. మోకాళ్ల దాకా బురద. రైతుకు ఏదో అర్థమయి దూరంగా పోయి నిలుచున్నాడు.

"నేను మళ్లీ చెక్కుతాను" అన్నాడు. "ఇరే కర్ర తెస్తాను. రంగులు వేయను, అరగదీయను. కొత్తగానే ఇస్తాను. ఆ చెవి, ఆ నుదురు నాకు తెలుసు, ఇప్పుడు పూర్తిగా తెలుసు. అచ్చం వాడే వస్తాడు. ఒక్క వారం చాలు, అషాబీ."

పెళ్లికి ముందు తప్ప ఆ పేరుతో ఎప్పుడూ పిలవలేదు. ఆమె ఆ మట్టికుప్పలకేసి చూసింది.

"తెలుసు" అంది. "అచ్చం వాడిలాగే చేస్తావు. నువ్వు చేయగలవు. రెండేళ్లో మూడేళ్లో కడిగితే నా చేతులు కూడా వాడే అనుకుంటాయి. అప్పుడు వాడు పోయాడని ఏడవడానికి ఈ భూమ్మీద ఒక్కరు కూడా మిగలరు. వద్దు."

ఆమె చెప్పులు విడిచి పొలంలోకి దిగింది. మొదటి కుప్ప దగ్గర వంగి, దాని మీద అరచెయ్యి ఆనించి, "తాయివో" అని పిలిచింది. కాసేపు ఆగింది. లేచి రెండో కుప్ప దగ్గరికి వెళ్లింది. మూడోదానికి, నాలుగోదానికి వెళ్లింది. వరుస అయ్యాక పక్క వరుస పట్టుకుంది. ఒనాయెమి వెనకాలే రెండడుగులు వేశాడు. ఆమె తిరగకుండానే చెయ్యి అడ్డం పెట్టి ఆపింది. అతను గట్టు మీదే నిలబడ్డాడు, బస్సు వచ్చి వెళ్లిపోయింది, ఇంకో బస్సు కూడా వచ్చి వెళ్లిపోయింది.